కాజీపేటలో నేను అనువదించని మాట

ఈ బ్లాగులో ఇంతవరకు రాసిన ప్రయాణాలన్నీ నాకు చూడాలనిపించి వెళ్లినవి. ఇది మాత్రం ఒక ఉత్తరం వల్ల మొదలైంది. నేను పుట్టింది హనుమకొండలో. నాన్నది చౌరస్తా దగ్గర బట్టల దుకాణం. ఇప్పుడు హైదరాబాదులో ఒక స్టూడియోలో ఎడిటింగ్ పని చేస్తున్నాను. నాలుగేళ్ల కిందట సెలవులన్నీ ఖర్చుపెట్టి కాజీపేట రైల్వే గురించి ఇరవై రెండు నిమిషాల డాక్యుమెంటరీ ఒకటి తీసి ఇంటర్నెట్‌లో పెట్టాను. మా చుట్టాలు, కొందరు రిటైరైన గార్డులు, డ్రైవర్లు తప్ప దాన్ని ఎవరూ చూడలేదు. అలాంటిది పోయిన జనవరిలో ఘనా దేశం నుంచి ఒకామె ఈమెయిల్ రాసింది. పేరు అమా. సినిమాలు తీస్తుంది. "మీ చిత్రం పదకొండో నిమిషంలో ఒక ముసలావిడ, ఆ కాలంలో నల్ల సిపాయిల రైళ్లు కూడా ఇక్కడ ఆగేవి అంటుంది. వెంటనే మీరు బొగ్గు ఇంజన్ల గురించి అడిగారు. సిపాయిల సంగతి తర్వాత అడిగారా?"

నేను అడగలేదు. ఆ వాక్యానికి ఇంగ్లీషు సబ్‌టైటిల్ రాసింది నేనే. రాసి ముందుకు వెళ్లిపోయాను. రెండో ప్రపంచ యుద్ధంలో బ్రిటిష్ వాళ్లు ఆఫ్రికాలోని తమ వలస రాజ్యాల నుంచి వేలమందిని బర్మా అడవుల్లో పోరాడడానికి తెచ్చారని, వాళ్లు ఓడల్లో మన దేశానికి వచ్చి రైళ్లలో దేశం దాటారని అమా రాస్తే తెలిసింది. అందులో ఆమె తాతయ్య ఒకడు. తిరిగి వెళ్లాక ఆయన ఇంట్లో ఆ యుద్ధం మాట ఎత్తలేదట. వాళ్ల ఊరి మరో సిపాయి నోటు పుస్తకంలో స్టేషన్ల పేర్లున్నాయి. అక్షరాలు తప్పుగానైనా అందులో కాజీపేట ఉంది. "మా పాఠ్యపుస్తకాల్లో వాళ్లు లేరు. మీ పుస్తకాల్లో కూడా ఉండరనుకుంటాను. అందుకే సినిమా తీస్తున్నాను" అని రాసింది.

ఆమె అంతకుముందు తీసిన చిత్రం లింకు కూడా పంపింది. ఒక రేవు పట్నంలో ఓడల సరుకు మోసిన ఆడవాళ్ల కథ. మధ్యాహ్నం భోజనం దగ్గర ఫోన్‌లో పెట్టుకుని, బాగుండకపోతే బాగుండు అనుకుంటూ చూశాను. బాగుంది. అన్నం చల్లారిపోయింది. ఆ సాయంత్రం జవాబు రాశాను: "ఆ ముసలావిడకు తొంభై దాటాయి. ఇప్పుడేమీ గుర్తులేదు." ఆమెకు గుర్తుందో లేదో నాకు తెలియదు, నేను కనుక్కోలేదు. అరగంటలో బదులొచ్చింది: "అయితే త్వరగా రావాలి. మీరు అనువాదం చేస్తారా?" చేయనంటే ఇంకొకరిని వెతుక్కుంటుంది. ఆ ఇంకొకరు నా ఊళ్లో, నా సినిమాలోని ముసలావిడ దగ్గర కూర్చోవడం ఊహించుకుంటే కడుపు మండింది. సరేనన్నాను.

ఫిబ్రవరి చివరి వారంలో వెళ్లాం. సికింద్రాబాద్ నుంచి పొద్దున ఏడు ప్రాంతంలో బయలుదేరే రైలు ఏదైనా రెండు గంటల్లో కాజీపేటలో దించుతుంది. మాకు చైర్ కార్ టికెట్ మూడు వందల యాభై లోపే అయింది. అమాకు నలభై అయిదేళ్లుంటాయి. పొట్టి జుట్టు, నూలు చొక్కా, భుజానికి ఒకే ఒక సంచి. ఆమె సామాను వంక పరీక్షగా చూశాను. పెద్ద పెద్ద కెమెరాలుంటాయని, అందుకే ఆమె చిత్రం అంత బాగా వచ్చిందని నాకు నేను చెప్పుకుని ఉన్నాను. ఆ సంచిలోని కెమెరా నాదానికంటే పాతది. ఇక చెప్పుకోవడానికి ఏ సాకూ మిగల్లేదు.

స్టేషన్ బయట సమ్మయ్య అనే ఆటో డ్రైవర్‌తో రోజంతటికీ పన్నెండు వందలకు మాట్లాడుకున్నాను. "మేడమ్‌ది ఏ దేశం సార్?" అని అడిగాడు. చెప్తే, "గంత దూరం నుంచి మన కాజీపేటకొచ్చిందా? ఏముందని సార్ ఈడ?" అన్నాడు. అదే ప్రశ్న నేను నాలుగేళ్ల కిందట వేసుకుని, ఇంజన్లున్నాయని జవాబు చెప్పుకున్నాను.

ఆ ముసలావిడ, ఇన్నమ్మ ఇల్లు రైల్వే క్వార్టర్ల వెనక సందులో ఉంది. రెండు గదులు, ముందు రేకుల వసారా. మేం వెళ్లేసరికి వసారాలో చాప మీద కూర్చుని చింతపండు గింజలు తీస్తోంది. కోడలు మేరీ లోపల్నుంచి కుర్చీలు తెచ్చి వేసింది.

"ఎవరూ, హన్మకొండ సేటు కొడుకా? మల్ల వచ్చినవా?"

"వచ్చిన అవ్వా. ఈమె పేరు అమా. ఆఫ్రికా నుంచి వచ్చింది, నీతోని మాట్లాడాల్నంట."

"అమ్మనా? పేరే అమ్మనా? మంచిగుంది" అని ఇన్నమ్మ ఆమె చెయ్యి పట్టుకుని అటూ ఇటూ తిప్పి చూసింది.

అమా కుర్చీలో కూర్చోలేదు. చాప మీద కూర్చుని తనూ చింతపండు తీసుకుంది. ముప్పావుగంట సేపు గింజలు తీసింది. సంచి విప్పలేదు, ఒక్క ప్రశ్న వేయలేదు. నేను రెండుసార్లు గడియారం చూసుకున్నాను. నాలుగేళ్ల కిందట ఇదే వసారాలో వచ్చిన పది నిమిషాలకే లైటు బిగించి మైకు తగిలించిన సంగతి గుర్తొచ్చింది. చేట నిండాక అమా కెమెరా తీసి, "రైలు వచ్చిన రోజు ఇంట్లో ఏం తిన్నారో అడగండి" అంది. ఈ ప్రశ్న అడగడానికా ఇంత దూరం వచ్చింది అనిపించింది. అయినా అడిగాను.

"ఏం తింటం? జొన్నగట్క, పచ్చిపులుసు" అంది ఇన్నమ్మ. తర్వాత ఆగలేదు. "మా నాయినకు స్టేషన్ల నీళ్లు పోసే కొలువుండె. నేను సద్ది తీస్కపోయేదాన్ని. ఎనిమిదేండ్లో తొమ్మిదేండ్లో ఉంటయి నాకు. మిలట్రీ బండ్లు వస్తే పూటలకు పూటలు ఆగుతుండె. తెల్లోళ్ల బండి కాడికి మమ్ముల రానియ్యకపోయేది. ఈళ్ల బండి వస్తే ఈళ్లే దిగి మా నాయినెంబడి బకెట్లు మోసేటోళ్లు."

అమా భయం వేసిందా అని అడగమంది.

"మొదాల జర అయింది. మా లెక్కనే నల్లగున్నరు, ఇంక జర ఎక్కువ. మస్తు పొడుగు. ఒకాయన నా సద్దిల ఎండు మిరపకాయ చూసి చెయ్యి జాపిండు. ఇచ్చిన. కసుక్కున కొరికిండు. కండ్లల్ల నీళ్లొస్తయేమో అని చూస్తాన్న నేను. నవ్వి ఇంకోటి అడిగిండు. ఆళ్లకు పెట్టే కూడు సప్పగుంటదని చేతులతోని చెప్పిండు. తెల్లారి మా అమ్మ పాత గుడ్డల ఇన్ని మిరపకాయలు మూటగట్టి ఇచ్చింది."

నేను ఇంగ్లీషులో చెప్తుంటే అమా నవ్వింది, నవ్వుతూనే కళ్లు తుడుచుకుంది. మా ఇళ్లలో కూడా కారం లేనిదే ముద్ద దిగదు, ఇది మా తాతల నోట రావలసిన మాట అంది. నాకు మాత్రం ఒకటే లెక్క తిరుగుతోంది. ఇదే మనిషి, ఇదే వసారా. నలభై నిమిషాలు మాట్లాడించి నేను తీసుకెళ్లింది ఇంజన్ల నంబర్లు.

ఇన్నమ్మ కాసిన్ని నీళ్లు తాగి, నా వైపు తిరిగి గొంతు తగ్గించి చెప్పింది. "అండ్ల ఒకాయనకు జెరమొచ్చింది. ఒక్కని కోసం బండి ఆగదు గదా, దించిపోయిండ్రు. దవాఖానకు తీస్కపోయేదాంక గూడ లేడు, మా నాయిన చేతులల్లనే పాణం పోయింది. మెడల సిలువ ఉండెనట. ఫాదర్ సరేనంటే మా నాయిన, ఇంకో ముగ్గురు మోస్కపోయి మన సమాధుల తోటల పెట్టిండ్రు. పేరు తెల్వదు. వెనక గోడ పొంటి, ఇప్పుడు మా నాయిన సమాధి పక్కన్నే ఉంటది. ఏటా సమాధుల పండుగకు మా వాళ్లకు పెట్టినట్టే ఆయనకు గూడ కొవ్వొత్తి పెడ్తం. ఇయ్యాల ఈ బిడ్డను తోల్కపోయి చూపెట్టు కొడుకా."

అమా నా ముఖం చూస్తోంది. నాకు అప్పటికే ఆ సమాధి కళ్లముందు కనిపిస్తోంది. సాయంత్రపు ఎండ, గోడ నీడ, పేరులేని రాయి. నా నలభై ఏళ్ల జీవితంలో నాకు దొరికిన ఒకే ఒక మంచి కథ, దాన్ని నా నోటితోనే ఇంకొకరికి అప్పగించాలి. "ఒక సిపాయికి జ్వరం వచ్చి చనిపోయాడట. వాళ్ల నాన్న చాలా బాధపడ్డాడట" అన్నాను.

"ఆమె చాలాసేపు మాట్లాడింది" అంది అమా.

"పెద్దావిడ కదా, చెప్పిందే చెప్తోంది."

అమా కెమెరా ఆపి ఇన్నమ్మ రెండు చేతులూ పట్టుకుని సెలవు తీసుకుంది.

మధ్యాహ్నం హనుమకొండలో ఒక మెస్‌లో భోంచేశాం. మనిషికి నూట ఇరవై, వడ్డించిందంతా వేడివేడిగా ఉంది. అమా టమాట పచ్చడి మూడుసార్లు వేయించుకుంది. అక్కణ్నుంచి ఖిలా వరంగల్‌కు ఆటోలో అరగంటకు పైనే. ముందు మిర్చి బస్తాల లారీలు వరుసగా పోతున్నాయి. "సీజన్ సార్, అన్నీ ఎనుమాముల మార్కెట్‌కే" అని సమ్మయ్య తుమ్మాడు. కోటలో టికెట్ మనకు పాతిక రూపాయలు, విదేశీయులకు మూడు వందలు. తోరణాలన్నీ తిరగడానికి గంట చాలు అని నేను ఇదివరకు ఇదే బ్లాగులో రాశాను. అమా మాత్రం ఒకే తోరణం కింద అరగంట కూర్చుని, ఊడ్చేవాళ్ల చీపురు చప్పుడు, చిలకల అరుపులు రికార్డు చేసుకుంది. ఆ అరగంటలో నేను ముప్పై ఫొటోలు తీశాను. ఒక్కటీ దాచుకునేలా లేదు.

నాలుగింటికి ఆమెను హోటల్‌లో దించాను. నేను మా ఇంట్లో పడుకుంటానని, రేపు పొద్దున కలుద్దామని చెప్పాను. ఆటో చౌరస్తా దాటకముందే సమ్మయ్యను వెనక్కి కాజీపేటకు తిప్పమన్నాను.

సమాధుల తోటకు అయిదింటికి చేరాను. గేటు తాళం పక్కనున్న చర్చి ఆఫీసులో అడిగితే ఇస్తారు. వెనక గోడ వెంబడి ఇన్నమ్మ తండ్రి సమాధి సులువుగానే కనిపించింది. దాని పక్కన మోకాలెత్తు రాయి. దాని మీద ఉలితో చెక్కిన సిలువ తప్ప ఒక్క అక్షరం లేదు. దాని అడుగున కొవ్వొత్తులు కరిగి గట్టిపడిన మైనం. నేను ఊహించుకున్న వెలుతురే ఉంది. పద్నాలుగు నిమిషాలు తీశాను. దగ్గర నుంచి, దూరం నుంచి, గోడ ఎక్కి పైనుంచి. నా జీవితంలో అంత బాగా ఎప్పుడూ తీయలేదని తీస్తున్నప్పుడే తెలిసింది.

గోడ దిగుతుంటే మేరీ గేటులోంచి వస్తోంది. చేతిలో కొవ్వొత్తుల ప్యాకెట్టు, అగ్గిపెట్టె. నా వెనక, సమాధుల మధ్య ఎవరి కోసమో చూసింది.

"ఆమె ఏది సార్? తోల్కపోతడు, నువ్వు కొవ్వొత్తులు తీస్కపో అని అత్తమ్మ పంపింది."

మేరీ నా చేతిలోని కెమెరా చూసింది.

"చెప్పలేదా ఆమెకు?"

"లేదు."

ఆమె కోప్పడలేదు. కొవ్వొత్తుల ప్యాకెట్టు విప్పలేదు కూడా. "పోయినసారి మీరొచ్చినప్పుడే అత్తమ్మ ఇది చెప్దామని చూసింది సార్. మీరు ఇంజన్ల ముచ్చటే అడిగిండ్రు. మీరు పోయినంక, ఆ పిలగానికి తొందరున్నదిలే అన్నది" అని చెప్పి వచ్చిన దారినే వెళ్లిపోయింది.

హోటల్‌కు వెళ్లమని సమ్మయ్యకు చెప్పడానికి పది నిమిషాలు పట్టింది. ఇంటికి వెళ్లిపోవచ్చు. ఆమె ఎల్లుండి విమానం ఎక్కేస్తుంది, ఈ ఊళ్లో తెలుగు రాని మనిషికి ఇదంతా తెలిసే దారి లేదు. అలా అనుకుంటూనే హోటల్ ముందు దిగాను. ఆరున్నరయింది. అమా లాబీలోనే కూర్చుని ఉంది. నిలబడే చెప్పేశాను. సమాధి ఉందని, ఇన్నమ్మ చూపించమందని, నేను దాచి వెళ్లి తీసుకొచ్చానని.

"నాకు నాలుగున్నరకే తెలుసు" అంది అమా. "రిసెప్షన్‌లో అమ్మాయికి ఆ రికార్డింగ్ వినిపించాను. హెడ్‌ఫోన్స్ పెట్టుకుని వింటూ ఆ అమ్మాయి ఏడ్చింది. మీరు చెప్పిన రెండు ముక్కలకు ఎవరూ అంత ఏడవరు."

"మరి నాకు ఫోన్ చేయలేదేం?"

"మీ అంతట మీరు వస్తారేమో చూద్దామనుకున్నాను. రాకపోతే రేపు ఆ అమ్మాయిని తీసుకెళ్లేదాన్ని." తర్వాత నా కెమెరా వైపు చూసి అడిగింది: "ఎంతసేపు తీశారు?"

"పద్నాలుగు నిమిషాలు."

"బాగా వచ్చిందా?"

కెమెరా ఇచ్చాను. మొత్తం చూసింది. "వెలుతురు చాలా బాగుంది. కానీ మీరు ఏ చోటా నిలవలేదు. రాయిని చూడనివ్వకుండానే గోడెక్కారు" అంది. తిట్టి ఉంటే తట్టుకునేవాణ్ని. ఆమె చెప్పింది నిజం, అది నాకు తీస్తున్నప్పుడు తట్టలేదు. సిగ్గుపడుతున్న ఆ క్షణంలో కూడా ఆమెను చూసి ఓర్వలేకపోయాను.

మర్నాడు ఎనిమిదింటికి ఇన్నమ్మ ఇంటికి వెళ్లాం. అమా ఒకటే షరతు పెట్టింది. "ముందు నిన్న మీరు చేసింది ఆమెకు చెప్పండి. ఆ తర్వాత నా మాటలు చెప్పండి." నేను చెప్పాను. తెలుగులో చెప్పడం ఇంకా కష్టమైంది. ఇన్నమ్మ వింటూ ఒళ్లోని కొంగు సర్దుకుంది.

"నీకే కావాల్నంటే నన్నడిగితే చెప్పకపోదునా కొడుకా?" అంది. "నాలుగేండ్ల కిందనే చెప్పకపోదునా?" ఆమె లేచి మేరీ భుజం పట్టుకుంది. "సరే పా, ఎండ ముదురుతది."

సమ్మయ్య ఆటోలో నలుగురం వెళ్లాం. ఇన్నమ్మ కోసం సమ్మయ్యే చర్చి ఆఫీసు నుంచి కుర్చీ మోసుకొచ్చాడు. అమా కెమెరా సంచి గేటు దగ్గరే వదిలేసింది. రాయి ముందు మోకాళ్ల మీద కూర్చుని, సీసాలోని నీళ్లు కొంచెం కొంచెంగా మట్టి మీద పోస్తూ వాళ్ల భాషలో మాట్లాడింది. చాలాసేపు మాట్లాడింది. మధ్యలో ఒకసారి నవ్వింది కూడా.

"ఏమంటాంది సార్?" అని మేరీ మెల్లగా అడిగింది.

"నాకు తెల్వదు" అన్నాను. రెండు రోజుల్లో నేను మనసులో ఏ లెక్కా వేసుకోకుండా చెప్పిన మాట బహుశా అదొక్కటే.

తర్వాత అమా, మీ నాన్న ఆయన్ని ఏమని పిలిచేవాడని ఇన్నమ్మను అడగమంది. "పేరు తెల్వదు గదా, మన సిపాయి అనేటోడు" అంది ఇన్నమ్మ. ఆ ఒక్క మాటకు అమా మళ్లీ రాయి వైపు తిరిగిపోయింది. ఎక్కడో ఒక దఫ్తరంలో ఈయన పేరుండి చోటు ఉండదు, ఇక్కడ చోటుండి పేరు లేదు, ఆ రెండిటినీ ఒక దగ్గరికి చేర్చాలి అంది. అప్పుడు వెళ్లి కెమెరా తెచ్చుకుంది. రాయికి ఎదురుగా ఒకే చోట పెట్టి కదలలేదు. గోడ అవతల ఒక గూడ్సు బండి మొదలై, యాభై పెట్టెలూ దాటిపోయి, చప్పుడు సద్దుమణిగేదాకా తీస్తూనే ఉంది. మేరీ వెలిగించిన కొవ్వొత్తి ఆ గాలికి రెండుసార్లు ఆరిపోయింది. రెండుసార్లూ ఇన్నమ్మ మళ్లీ వెలిగించమంది.

మధ్యాహ్నం రైలుకు తిరిగొచ్చేశాం. నా పద్నాలుగు నిమిషాలూ అమాకు ఇచ్చేశాను. కొంత వాడుకుంటానని, నా పేరు వేస్తానని అంది. ఆమె ఇప్పుడు పాత సైనిక కాగితాల్లో ఆ సిపాయి పేరు వెతుకుతోంది, అప్పుడప్పుడు సందేశం పెడుతుంది. ప్రతి సందేశానికీ కడుపులో పాత మంట కొంచెం లేస్తుంది. అది పోయిందని రాస్తే అబద్ధమవుతుంది. ఆ సినిమా గొప్పగా వస్తుంది, అది నేను తీసినది కాదు. పుట్టి పెరిగిన ఊరు కదా, ఇక్కడి కథలన్నీ నావేననుకున్నాను. ఆ కథ ఇన్నమ్మది, ఎనభై ఏళ్లు కొవ్వొత్తి ఆరకుండా చూసుకున్నందుకు. అడిగి, చెప్పేదాకా కూర్చున్నందుకు అమాకు దక్కింది. పోయిన నెలలో ఒక ఆదివారం కెమెరా లేకుండా కాజీపేట వెళ్లి, ఇన్నమ్మ దగ్గర పొద్దంతా కూర్చున్నాను. ఏం చెప్పిందో ఇక్కడ రాయను, రాయమని ఆమె అనలేదు.

ఇలాంటి ప్రయాణం పెట్టుకున్నవాళ్లకు ఒక సలహా. భాష రాని చోట పెద్దవాళ్లతో మాట్లాడడానికి వెళ్తే, వాళ్ల అనుమతితో మొత్తం రికార్డు చేసుకోండి. అనువాదకుడు ఎంత నమ్మకస్తుడిలా కనిపించినా, అతను ఆ ఊరివాడే అయినా సరే, అదే రోజు ఆ మాటల్ని ఇంకొకరికి కూడా వినిపించండి.